పాత ఆర్ స్క్రిప్టు, కొత్త జవాబులు: ఇన్నేళ్లలో ఆర్‌లో ఏం మారింది?

అన్వేషిత | సోమవారం, ఉదయం 9:40

అందరికీ నమస్కారం. 2013లో పీహెచ్‌డీ కోసం ఆర్‌లో (గణాంక పనికి వాడే ప్రోగ్రామింగ్ భాష) రాసుకున్న స్క్రిప్టు ఒకటి మళ్లీ బయటికి తీశాను. థీసిస్‌లోని ఒక అధ్యాయాన్ని వ్యాసంగా పంపితే సమీక్షకులు డేటా, కోడ్ రెండూ జత చేయమన్నారు. అప్పుడు వాడింది ఆర్ 3.0.2. ఇప్పుడు నా ల్యాప్‌టాప్‌లో 4.3 ఉంది. ఫైలు అదే, కోడ్ అదే, ఒక్క అక్షరం మార్చలేదు. అయినా మూడు చోట్ల తేడా వచ్చింది.

ఇఫ్ ఉన్న ఒక లైను దగ్గర ఎర్రర్ ఇచ్చి ఆగిపోతోంది, షరతు పొడవు ఒకటి కంటే ఎక్కువ ఉందంటోంది. రెండోది, యాదృచ్ఛిక ఎంపిక ప్రతిసారీ ఒకేలా రావడానికి సెట్ సీడ్ 123 అని పెట్టినా డేటాను రెండు భాగాలుగా విడగొట్టేటప్పుడు వేరే వరుసలు వస్తున్నాయి. మూడోది నన్ను నిద్రపోనివ్వడం లేదు. థీసిస్ మూడో పట్టికలో సగటు స్కోరు 31.4 అని ఉంది. ఇప్పుడు అదే లైను 58.7 ఇస్తోంది. నూటికి వేసిన స్కోర్లవి. పైగా ఎన్‌ఏలు (విలువ లేని గడులు) వచ్చాయని ఒక వార్నింగ్.

కొత్త వెర్షన్‌లో తప్పు ఉందా? పాత వెర్షన్ దించుకుని అందులోనే నడిపేయనా? చాలా టెన్షన్‌గా ఉంది.

పైపులైన్ | సోమవారం, ఉదయం 10:05

అన్వేషిత గారూ, మొదటిది తేలిక. ఇఫ్‌కి ఒకే ఒక్క అవును గానీ కాదు గానీ కావాలి. మీ షరతులో మొత్తం కాలమ్ ఉండి ఉంటుంది. పాత ఆర్ అందులో మొదటి విలువ మాత్రం తీసుకుని, మిగతావి వదిలేసి, ఓ వార్నింగ్ ఇచ్చి ముందుకెళ్లిపోయేది. 2022 ఏప్రిల్‌లో వచ్చిన 4.2.0 నుంచి అది ఎర్రర్. అంటే మీ పాత రన్‌లో ఆ షరతు మొదటి వరుసను చూసి మొత్తం డేటాకి తీర్పు చెప్పింది. అక్కడ ఇఫ్‌ఎల్స్ (ప్రతి వరుసకీ విడిగా) కావాలా, ఎనీ (ఏ ఒక్కటైనా) కావాలా, ఆల్ (అన్నీ) కావాలా అన్నది మీరు అసలు ఏం అడగాలనుకున్నారో దాన్ని బట్టి ఉంటుంది.

మూడోదాని సంగతి ఆ లైను చూస్తే గానీ చెప్పలేం. ఇక్కడ పెట్టండి.

సగటు | సోమవారం, ఉదయం 10:50

రెండోది నేను చెబుతాను. మా క్లాసులో ఏటా ఎవరో ఒకరు దీని దగ్గర ఆగిపోతారు.

సెట్ సీడ్ 123 పెట్టి, 1 నుంచి 10 వరకు అంకెల్ని శాంపుల్ ఫంక్షన్‌తో కలపండి. 3.5 వరకు 3 8 4 7 6 1 10 9 2 5 వచ్చేది. 3.6.0 నుంచి 3 10 2 8 6 9 1 7 5 4 వస్తుంది. సీడ్ మారలేదు. లోపల దశాంశాల్ని పుట్టించే మెర్సెన్ ట్విస్టర్ కూడా మారలేదు. అక్కణ్నుంచి పూర్ణాంకం తీసే పద్ధతి మారింది. పాత పద్ధతి ఆ దశాంశాన్ని జనాభా సంఖ్యతో గుణించి కింది పూర్ణాంకానికి దించేది. చిన్న జనాభాలో దాని వల్ల ఏమీ తెలియదు. కోట్లలోకి వెళితే మాత్రం కొన్ని సంఖ్యలకు మిగతావాటి కంటే కొంచెం ఎక్కువ అవకాశం దక్కుతుంది. అందరికీ సమాన అవకాశం ఇస్తానని చెప్పే ఫంక్షన్ అలా ఉండకూడదు కదా. 2019 ఏప్రిల్‌లో సరిదిద్దారు.

పాతదాన్ని తీసిపారేయలేదు. ఆర్‌ఎన్‌జీ కైండ్‌లో శాంపుల్ కైండ్‌ని రౌండింగ్ అని పెట్టండి, మీ 2013 నాటి విభజన అచ్చంగా అలాగే వస్తుంది. ఒక వార్నింగ్ ఇస్తుంది, కంగారు పడకండి.

నిలకడ | సోమవారం, ఉదయం 11:35

మీరందరూ ఇంత మామూలుగా చెబుతుంటే నాకు కష్టంగా ఉందండి. నేను ఇరవై ఏళ్లుగా ఔషధ ప్రయోగాల డేటా మీద సాస్ అనే గణాంక సాఫ్ట్‌వేర్‌లో పని చేస్తున్నాను. నార్త్ కరొలైనా స్టేట్ యూనివర్సిటీలో వ్యవసాయ డేటా కోసం 1960లలో మొదలై, 1976లో కంపెనీ అయింది సాస్. డేటాని ప్రోగ్రాంలోనే రాయాలంటే దాని ముందు కార్డ్స్ అనే మాట పెట్టేవాళ్లు, అప్పట్లో డేటా నిజంగానే పంచ్ కార్డుల మీద వచ్చేది కాబట్టి. ఆ కార్డులు పోయి ఎన్నో ఏళ్లయింది. డేటాలైన్స్ అని కొత్త మాట కూడా వచ్చింది. కానీ ఈ రోజు కార్డ్స్ అని రాసినా సాస్ ఒప్పుకుంటుంది.

ఇంకో గణాంక సాఫ్ట్‌వేర్ స్టాటా చూడండి, 1985లో వచ్చింది. స్క్రిప్టు మొదట్లో వెర్షన్ 12 అని ఒక్క లైను రాస్తే, తర్వాత ఎన్ని వెర్షన్లు వచ్చినా ఆ స్క్రిప్టును 12లో ఎలా అర్థం చేసుకునేదో అలాగే అర్థం చేసుకుంటుంది. నా దృష్టిలో గణాంక పనికి వాడే పరికరం అంటే అది. వెర్షన్ మారినందుకు సగటు 31 నుంచి 58కి మారితే, అన్వేషిత గారి లాంటి వాళ్లు ఎవరికి జవాబు చెప్పుకోవాలి?

అన్వేషిత | సోమవారం, మధ్యాహ్నం 12:10

ఇఫ్ విషయం పైపులైన్ గారు చెప్పిందే. సరిచేశాను, అదృష్టవశాత్తు దాని వల్ల ఫలితం మారలేదు. సగటు గారు చెప్పినట్టు రౌండింగ్ పెడితే పాత విభజన వచ్చేసింది. ఇద్దరికీ కృతజ్ఞతలు.

మూడోదాని కోడ్ చాలా మామూలుదండి. కామాలతో విడదీసిన డేటా ఫైలుని (సీఎస్‌వీ) రీడ్ సీఎస్‌వీతో చదివాను. తర్వాత స్కోరు కాలమ్‌ని, సంఖ్యలుగా మార్చే యాజ్ న్యూమరిక్‌లో పెట్టాను. ఎన్‌ఏలు వదిలేయమని చెప్పి మీన్ (సగటు) తీశాను. అంతే, మూడు లైన్లు.

పాతటెర్మినల్ | సోమవారం, మధ్యాహ్నం 1:25

అన్వేషిత గారూ, పాత వెర్షన్ దించుకోవద్దు. ముందు ఆ సీఎస్‌వీ ఫైలును మామూలు టెక్స్ట్ ఎడిటర్‌లో తెరవండి. స్కోరు కాలమ్‌లో అంకె కానిది ఎక్కడైనా ఉందేమో వెతకండి. ఉంటుందని నా నమ్మకం.

ఎందుకంటే 4.0.0కి ముందు రీడ్ సీఎస్‌వీకి ఒక అలవాటుండేది. కాలమ్‌లో ఒక్క గడిలో అక్షరాలున్నా మొత్తం కాలమ్‌ని టెక్స్ట్‌గా తీసుకునేది, ఆ టెక్స్ట్‌ని వెంటనే ఫ్యాక్టర్‌గా మార్చేసేది. స్ట్రింగ్స్ యాజ్ ఫ్యాక్టర్స్ అనే ఆప్షన్ మనం చెప్పకపోయినా ట్రూగా ఉండేది. ఫ్యాక్టర్ అంటే పైకి కనిపించేది పేరు, లోపల దాచుకునేది వరుస సంఖ్య. మీ కాలమ్‌లో 10, 9, 100, ఆబ్సెంట్ అనే నాలుగు విలువలున్నాయనుకోండి. ఆర్ వాటిని నిఘంటువులో మాటల్లాగా వరుస పెడుతుంది: 10, 100, 9, ఆబ్సెంట్. ఇప్పుడు యాజ్ న్యూమరిక్ అంటే మీకొచ్చేవి ఆ వరుస సంఖ్యలు. 10కి 1. వందకి 2. తొమ్మిదికి 3. పరీక్షకే రాని మనిషికి 4, అందరికంటే ఎక్కువ. ఎర్రర్ లేదు, వార్నింగ్ లేదు.

2020 ఏప్రిల్ 24న వచ్చిన 4.0.0లో ఆ ఆప్షన్‌ని ఫాల్స్ చేశారు. ఇప్పుడు ఆ కాలమ్ టెక్స్ట్‌గానే ఉంటుంది. యాజ్ న్యూమరిక్ అంటే 100 అనే అక్షరాలు నిజంగా నూరవుతాయి. ఆబ్సెంట్ మాత్రం సంఖ్య కాలేక ఎన్‌ఏ అవుతుంది. మీకొచ్చిన వార్నింగ్ అదే.

మీ ఫైలు చూసి చెప్పండి. నా అనుమానం నిజమైతే 58.7 సరైనది, 31.4 ఏ రోజూ సరైనది కాదు.

అన్వేషిత | సోమవారం, మధ్యాహ్నం 2:02

ఏడు చోట్ల ఉంది. ఆబ్సెంట్ అని. నేనే టైపు చేశాను.

అంటే నేను పదేళ్లకు పైగా వరుస సంఖ్యల సగటుని స్కోరు సగటు అనుకుంటున్నాను. నూటికి 31 అంటే పరీక్ష కష్టంగా ఉందేమో అనుకున్నాం కానీ ఎవరికీ అనుమానం రాలేదు. మిగతా పట్టికలు కూడా ఈ కాలమ్ మీదే ఆధారపడ్డాయి. అన్నీ మళ్లీ చేయాలి. రెండు రోజులు టైమ్ ఇవ్వండి.

నిలకడ | సోమవారం, మధ్యాహ్నం 2:40

అన్వేషిత గారూ, ధైర్యంగా ఉండండి. అచ్చు కాకముందే దొరికింది.

నేను పొద్దున రాసిన దాంట్లో ఒక మాట వెనక్కి తీసుకుంటున్నాను. ఇక్కడ వెర్షన్ మారడం వల్లే తప్పు బయటపడింది. కానీ పాతటెర్మినల్ గారూ, నా ప్రశ్న ఇంకా అలాగే ఉంది. ఇంత ప్రమాదకరమైన అలవాటుని మొదట ఎందుకు పెట్టారు? పెట్టినవాళ్లు తెలివితక్కువవాళ్లు కాదు కదా.

పాతటెర్మినల్ | సోమవారం, రాత్రి 9:15

కాదండి. వాళ్లు ఎవరి కోసం చేశారో తెలిస్తే ఆ నిర్ణయం సబబుగానే కనిపిస్తుంది. కొంచెం వెనక్కి వెళ్లాలి, ఓపిగ్గా చదవండి.

ఆర్‌కి ముందు ఎస్ అనే భాష ఉండేది. బెల్ ల్యాబ్స్‌లో గణాంక శాస్త్రవేత్తలకు ఫోర్‌ట్రాన్ భాషలో రాసిన మంచి సబ్‌రొటీన్ల (తయారుగా ఉన్న కోడ్ ముక్కల) లైబ్రరీ ఉండేది. రిగ్రెషన్ కావాలంటే ఫోర్‌ట్రాన్ ప్రోగ్రాం రాసి, ఆ సబ్‌రొటీన్‌ని పిలిచి, కంపైల్ చేసి నడపాలి. పెద్ద పనికి అది సరే. ఇరవై సంఖ్యల మీద ఒక గీత వేసి చూద్దాం అనుకున్నా అంతే తతంగం. 1976 మే 5న జాన్ ఛాంబర్స్, రిక్ బెకర్, మరికొందరు కూర్చుని, ఆ లైబ్రరీ చుట్టూ ఒక పొర ఉండాలని అనుకున్నారు: మనిషి ఒక లైను టైపు చేస్తే జవాబు వెంటనే తెర మీద కనిపించాలి. ఎస్ పుట్టింది అక్కడ. మొదట హనీవెల్ యంత్రం మీద, తర్వాత యూనిక్స్ మీద. 1988 నాటికి సి భాషలో తిరగరాశారు. మాక్రోలు పోయి ఫంక్షన్లు వచ్చాయి.

మీ ప్రశ్నకు జవాబు ఆ తర్వాతి మెట్టులో ఉంది. 1990ల మొదట్లో ఎస్‌లోకి గణాంక నమూనాలు వచ్చాయి. ఇవాళ మనం వాడే డేటా ఫ్రేమ్ (వరుసలు, కాలమ్‌లు ఉన్న పట్టిక) అప్పటిది. ఎడమవైపు ఫలితం, మధ్యలో ~ గుర్తు, కుడివైపు కారణాలు రాసే ఫార్ములా కూడా అప్పటిదే. ఆ లోకంలో డేటాలో అక్షరాలున్నాయంటే అది వర్గం పేరు: మందు లేదా డమ్మీ మందు, ఎరువు ఏ, ఎరువు బి. వర్గాన్ని నమూనాలో పెట్టాలంటే ఫ్యాక్టర్‌గా మార్చి తీరాలి. మనిషి మర్చిపోకుండా భాషే మార్చేస్తే మేలు కదా అనుకున్నారు. ఇంకో లాభం కూడా ఉండేది. వెయ్యి వరుసల్లో ఒకే మాట వెయ్యిసార్లు దాచడం కంటే, మాటని ఒకసారి, సంఖ్యని వెయ్యిసార్లు దాచితే మెమొరీ మిగిలేది. 2007లో ఆర్ 2.6 వచ్చాక ఒకే స్ట్రింగ్‌ని ఒకేచోట దాచుకోవడం మొదలైంది, ఆ కారణం పోయింది. ఈలోగా జనం ఆర్‌తో పేర్లు, చిరునామాలు, ట్వీట్లు చదవడం మొదలుపెట్టారు. వర్గాలు కాని అక్షరాలే ఎక్కువయ్యాయి. అయినా డిఫాల్ట్ మార్చడానికి ఇంకో పదమూడేళ్లు పట్టింది. దాని మీద నిలబడ్డ ప్యాకేజీలు (వాడేవాళ్లు రాసి పంచుకునే అదనపు కోడ్) వేలల్లో ఉండడమే కారణం.

నేను మొదట వాడింది ఎస్-ప్లస్ (ఎస్ వాణిజ్య రూపం), యూనిక్స్ వర్క్‌స్టేషన్ మీద. సాయంత్రం లాగౌట్ చేసి వెళ్లిపోతే మర్నాటికి నిన్నటి వేరియబుల్స్ డిస్కు మీద డేటా అనే డైరెక్టరీలో అలాగే ఉండేవి. ఇవాళ ఆర్ మూసేటప్పుడు వర్క్‌స్పేస్ సేవ్ చేయమంటారా అని అడుగుతుంది చూశారా? ఎస్ ఇల్లు వదిలి వచ్చినా తెచ్చుకున్న అలవాటది. ఆర్ అన్నిటినీ ర్యామ్‌లో పెట్టుకుంటుంది కాబట్టి, వెళ్లేటప్పుడు అడగాల్సి వస్తోంది.

ఇక ఆర్. ఆక్లండ్ యూనివర్సిటీలో రాస్ ఇహాకా, రాబర్ట్ జెంటిల్‌మన్. వాళ్ల ల్యాబ్‌లో ఉన్నవి మ్యాకింతోష్‌లు, వాటి మీద పిల్లలకు చెప్పడానికి సరైన సాఫ్ట్‌వేర్ లేదు. స్కీమ్ భాష పద్ధతిలో సుమారు వెయ్యి లైన్ల సి కోడ్‌తో ఒక చిన్న ఇంటర్‌ప్రెటర్ రాశారు. పైకి మాత్రం ఎస్ లాగా కనిపించేలా చేశారు. పైన ఎస్ చొక్కా, లోపల స్కీమ్ గుండె. ఎస్‌లో ఒక ఫంక్షన్ లోపల ఇంకో ఫంక్షన్ రాస్తే, లోపలిదానికి బయటిదాని వేరియబుల్స్ కనిపించేవి కావు. విలువలన్నీ ఒక్కొక్కటిగా చేతికి అందించాల్సి వచ్చేది. ఆర్‌లో ఫంక్షన్ తాను పుట్టిన చోటుని గుర్తుపెట్టుకుంటుంది. మొదటిసారి అది పని చేయడం చూసినప్పుడు నేను ఆ పది లైన్లనే గంటసేపు మార్చి మార్చి నడిపాను.

1993 ఆగస్టులో ఎస్ వాడేవాళ్ల మెయిలింగ్ లిస్టులో ప్రకటించారు. గణాంక శాస్త్రవేత్త మార్టిన్ మాక్లర్ పట్టుబట్టి ఒప్పించడంతో 1995 జూన్‌లో జీపీఎల్ (ఎవరైనా వాడి, మార్చుకోగల స్వేచ్ఛా లైసెన్స్) కింద కోడ్ అందరికీ ఇచ్చేశారు. ఈ ఒక్క నిర్ణయం లేకపోతే మనం ఇవాళ ఇలా మాట్లాడుకునేవాళ్లం కాదు. 1997లో ఆర్‌ని చూసుకునే కోర్ టీమ్, అదే ఏడాది 12 ప్యాకేజీలతో క్రాన్ అనే ప్యాకేజీల భాండాగారం. 1.0.0 వచ్చింది 2000 ఫిబ్రవరి 29న.

పైపులైన్ | మంగళవారం, ఉదయం 8:20

రాత్రి ఇది చదివి నిద్రపోలేదు సార్. నేను 2018లో నేరుగా టైడీవర్స్‌తోనే (ఆర్‌లోని కొత్తతరం ప్యాకేజీల సమూహం) ఆర్ నేర్చుకున్నాను. కొన్ని ఫంక్షన్ల పేర్లలో చుక్కలు, కొన్నింటిలో అండర్‌స్కోర్లు ఎందుకున్నాయో నాకెవరూ చెప్పలేదు. డేటా ఫ్రేమ్ పేరులో చుక్క. రీడ్ సీఎస్‌వీ పాతదాంట్లో చుక్క, టైడీవర్స్‌దాంట్లో అండర్‌స్కోర్. దానికీ ఇలాంటి కారణమేదైనా ఉందా? విలువ ఇవ్వడానికి <- అని బాణం ఎందుకు? మిగతా భాషల్లో = చాలు కదా.

పాతటెర్మినల్ | మంగళవారం, ఉదయం 11:00

ఉంది. మీరడిగిన రెండు ప్రశ్నలకీ జవాబు ఒకే మీటలో ఉంది.

1963 నాటి ఆస్కీ (కంప్యూటర్ అక్షరాల ప్రమాణం) పట్టికలో ఇవాళ అండర్‌స్కోర్ ఉన్న స్థానంలో ఎడమవైపు బాణం ఉండేది. 1967 సవరణలో దాన్ని అండర్‌స్కోర్ చేశారు. కానీ టెర్మినల్స్ ఒక్క రోజులో మారవు కదా. ఎస్ పుట్టిన రోజుల్లో కొన్ని టెర్మినల్స్ మీద ఆ మీట నొక్కితే కాగితం మీద ← అని పడేది. విలువ ఎటు వెళుతోందో కళ్లకు కట్టినట్టుండే గుర్తు, పైగా ఒక్క మీటతో అయిపోతుంది. అందుకే ఎస్‌లో విలువ ఇవ్వడానికి ఆ అక్షరాన్ని వాడారు. రెండు అక్షరాల <- కూడా ఉండేది. తర్వాత టెర్మినల్స్ మారాయి, అదే మీట నొక్కితే తెర మీద _ కనిపించసాగింది. అర్థం మాత్రం బాణమే. ఎక్స్ _ 5 అంటే ఎక్స్‌లో 5 పెట్టమని.

అండర్‌స్కోర్‌కి ఆ పని ఉన్నప్పుడు దాన్ని పేరు మధ్యలో పెట్టలేం. రెండు మాటల పేరు కావాలంటే మిగిలింది చుక్క ఒక్కటే. మీరు చెప్పిన చుక్కల పేర్లన్నీ ఆ కాలానివి.

ఆర్ కూడా కొన్నేళ్లు దీన్ని మోసింది. 2001 చివర్లో 1.4.0తో = కూడా విలువ ఇవ్వడానికి పనికొచ్చింది. 2003లో 1.8.0తో అండర్‌స్కోర్‌కి ఆ ఉద్యోగం పోయింది. 2004లో 1.9.0 నుంచి పేర్లలో వాడుకోనిచ్చారు. మీ టైడీవర్స్ వాళ్లు ఆ తర్వాత వచ్చినవాళ్లు కాబట్టి వాళ్ల పేర్లన్నీ అండర్‌స్కోర్లే. ఈమాక్స్ ఎడిటర్‌లో ఆర్ రాసేవాళ్ల ఈఎస్‌ఎస్ మోడ్‌లో అండర్‌స్కోర్ నొక్కితే <- పడే అలవాటు చాలాకాలం ఉంది. వేళ్లకు అలవాటైన మీటను ఎవరూ వదులుకోలేదు.

ఒక ఫంక్షన్ పేరు చూస్తే అది 2004కి ముందుదో తర్వాతదో చాలావరకు ఊహించవచ్చు. నాకు ఆ భాషలో బాగా ఇష్టమైన విషయం ఇదే.

పైపులైన్ | మంగళవారం, ఉదయం 11:25

అయితే అండర్‌స్కోర్‌కి మూడో జన్మ కూడా ఉంది సార్! 2014లో మ్యాగ్రిటర్ ప్యాకేజీ %>% తెచ్చింది, అదే ఏడాది వచ్చిన, పట్టికల పని చేసే డీప్లైయర్ ప్యాకేజీతో కలిసి మా తరం మొత్తం దాన్ని పట్టుకుంది. ఎడమవైపున్నది కుడివైపు ఫంక్షన్‌లో మొదటి స్థానంలోకి వెళ్లిపోతుంది. లోపలి నుంచి బయటికి చదవాల్సిన కోడ్‌ని ఎడమ నుంచి కుడికి చదువుకోవచ్చు. 2021 మేలో 4.1.0తో ఆర్‌లోనే సొంతంగా |> వచ్చింది. దీనికి ప్యాకేజీ అక్కర్లేదు. కోడ్‌ని చదివేటప్పుడే మామూలు ఫంక్షన్ పిలుపుగా మార్చేస్తుంది, నడిపేటప్పుడు అదనపు పని ఉండదు. మొదటి స్థానంలో కాకుండా వేరే చోట పెట్టాలంటే 4.2.0 నుంచి అక్కడ _ రాయాలి. విలువ వచ్చి కూర్చునే ఖాళీ చోటన్నమాట. 1976లో విలువని మోసిన గుర్తే మళ్లీ విలువని మోస్తోంది!

జీనోమిక | మంగళవారం, సాయంత్రం 4:45

నేను జీవశాస్త్రం వైపు నుంచి వచ్చాను. 2001లో జీవశాస్త్ర డేటా కోసం ఆర్ ప్యాకేజీల ప్రాజెక్టు బయోకండక్టర్ మొదలవడం, అందులో రాబర్ట్ జెంటిల్‌మన్ ముందుండడం వల్లే మా రంగం ఆర్‌లోకి వచ్చింది. మమ్మల్ని ఏడిపించింది సైజు.

3.0కి ముందు ఆర్‌లో ఒక వెక్టర్‌లో (విలువల వరుసలో) 2,147,483,647 కంటే ఎక్కువ విలువలు పట్టేవి కావు. మ్యాట్రిక్స్ కూడా లోపల ఒక పొడవాటి వెక్టరే. జన్యువుల మధ్య దూరాల చదరపు మ్యాట్రిక్స్ కట్టాలంటే 46,340 వరుసల వరకు ఒప్పుకునేది. 46,341 అంటే లేదు. సర్వర్‌లో మెమొరీ ఖాళీగా ఉంది, పని మాత్రం జరగదు. డేటాని ముక్కలు కోసి, ముక్కల జవాబులు అతికించి నెలలు గడిపాం. 2013 ఏప్రిల్‌లో 3.0.0 ఆ గోడ తీసేసింది. 2018లో 3.5.0 ఇంకో మంచి పని చేసింది. 1 నుంచి వంద కోట్ల వరకు వరుస రాస్తే ఇదివరకు దాదాపు నాలుగు జీబీ మెమొరీ తీసుకునేది. ఇప్పుడు మొదలు, చివర మాత్రం గుర్తుపెట్టుకుని, అవసరమైనప్పుడే సంఖ్యలు పుట్టిస్తుంది.

ఫర్ లూప్ వాడితే ఆర్ నత్తనడక నడుస్తుందని ఇంకా పాఠాల్లో చెబుతుంటారు. 2017లో 3.4.0 నుంచి కోడ్‌ని దానంతటదే బైట్‌కోడ్‌గా (వేగంగా నడిచే రూపంగా) కంపైల్ చేస్తోంది. కోర్ టీమ్‌లోని లూక్ టియర్నీ ఏళ్ల తరబడి చేసిన పని అది. ఆ పాత సలహాను గుడ్డిగా పాటించి, నా విద్యార్థి ఒకరు ఆరు లైన్ల లూప్‌ని ఎవరికీ అర్థం కాని యాప్లైల (లూప్‌కి బదులు వాడే ఫంక్షన్ల) గొలుసుగా మార్చారు. కొలిచి చూస్తే వేగంలో చెప్పుకోదగ్గ తేడా లేదు. మళ్లీ లూప్‌కే మార్పించాను.

సగటు | మంగళవారం, రాత్రి 8:30

ఒక చిన్న సంగతి, కానీ నాకు పెద్దది. విండోస్ మీద డేటా ఫ్రేమ్‌లో తెలుగు పేర్లుంటే ప్రింట్ చేసినప్పుడు పేరు బదులు కోణపు బ్రాకెట్లలో యూనికోడ్ సంఖ్యల వరుస కనిపించేది. నాలుగు అక్షరాల పేరు తెర మీద ఒక లైను నిండా పరుచుకునేది. విద్యార్థులు ఫైలు పాడైందనుకునేవాళ్లు. కొందరు కాలమ్‌లన్నీ ఇంగ్లిష్ లిపిలోకి మార్చి మళ్లీ టైపు చేసేవాళ్లు, అందులో తప్పులు దొర్లేవి. 4.2.0 నుంచి కొత్త విండోస్ మీద ఆర్ అన్ని లిపులనూ దాచగల యూటీఎఫ్-8నే సొంత ఎన్‌కోడింగ్‌గా వాడుతోంది. మొదటిసారి పట్టికలో తెలుగు పేర్లు పేర్లలాగే వచ్చినప్పుడు క్లాసంతా ఒక్కసారి తెర వైపు చూసింది.

నిలకడ | బుధవారం, ఉదయం 9:10

ఇవన్నీ చదివాక ఆర్ మీద నా అభిప్రాయం కొంత మారింది. అయినా ఒక భయం పోలేదు. ఆర్ అసలు భాష మారినప్పుడు కనీసం వార్తల ఫైల్లో రాస్తారు, పాత దారి కూడా ఉంచుతారు. ప్యాకేజీల సంగతేంటి? 1997లో 12 అన్నారు, 2017 జనవరికి పది వేలు దాటాయి, ఇప్పుడు ఇరవై వేలకు పైనే. పోయినేడు మా టీమ్‌లో ఒకరు ఆర్‌లో రిపోర్టు చేశారు. మూడు నెలల తర్వాత అందులో వాడిన ఒక చిన్న ప్యాకేజీని క్రాన్ ఆర్కైవ్‌లోకి తోసేసింది, నిర్వహించేవాళ్లు సమయానికి సరిచేయలేదట. కొత్త మెషీన్ మీద రిపోర్టు తయారు కాలేదు. గడువుకి ముందు రోజు రాత్రి అది.

పాతటెర్మినల్ | బుధవారం, ఉదయం 10:30

మీ భయం న్యాయమైనదే. ఆర్‌లో నేను చూసిన ఇబ్బందుల్లో ఎక్కువ భాగం ప్యాకేజీల వల్ల వచ్చినవే, భాష వల్ల వచ్చినవి తక్కువ. మీ సాస్‌లో ఒక సంస్థ అన్నిటికీ బాధ్యురాలు. ఇక్కడ ప్రతి ప్యాకేజీకీ ఒక మనిషి ఉంటారు. ఆ మనిషికి ఉద్యోగం మారుతుంది, ఆరోగ్యం మారుతుంది, ఆసక్తి మారుతుంది. క్రాన్ అన్ని ప్యాకేజీలనూ మళ్లీ మళ్లీ పరీక్షించి, పాడైనవాటిని పక్కన పెట్టడం కఠినంగా కనిపిస్తుంది. అలా చేయకపోతే ఇరవై వేలూ కలిసి ఒకే ఆర్ మీద నడవవు. ఆర్కైవ్‌లోకి వెళ్లిన ప్యాకేజీ కోడ్ పోదు, అక్కడి నుంచి తెచ్చుకుని ఇన్‌స్టాల్ చేసుకోవచ్చు.

ముఖ్యమైన పని దేనికైనా నేను రెన్వ్ అనే ప్యాకేజీ పెడతాను. ప్రాజెక్టులో వాడిన ప్రతి ప్యాకేజీ వెర్షన్‌నూ ఒక ఫైల్లో రాసి పెడుతుంది, ఇంకో మెషీన్ మీద అవే వెర్షన్లు దించుతుంది. మీ స్టాటాలోని వెర్షన్ లైను చేసే పనిని ఇక్కడ మనం బయటి నుంచి చేసుకోవాలి. భాషలోనే అలాంటిది ఉంటే బాగుండేదని నేనూ అనుకుంటాను.

అన్వేషిత | గురువారం, రాత్రి 10:20

అన్ని పట్టికలూ మళ్లీ చేశాను. ఇక్కడ పెట్టడం నా బాధ్యత అనిపించింది.

థీసిస్‌లో నేను పోల్చిన రెండు వర్గాల్లో మొదటిదాని సగటు 35.2, రెండోది 27.6, తేడా 7.6. నా ముఖ్యమైన నిర్ధారణ ఆ తేడా మీదే ఉంది. సరైన స్కోర్లతో మొదటి వర్గం 60.4, రెండోది 57.0. తేడా 3.4. దాని 95 శాతం విశ్వాస అంతరం (అసలు తేడా ఉండే అవకాశమున్న పరిధి) -0.5 నుంచి 7.3 వరకు ఉంది, అంటే సున్నా కూడా లోపలే ఉంది. మొదటి వర్గానిదే పైచేయి అని నేను రాసిన వాక్యం ఇక నిలబడదు.

వ్యాసంలో ఆ వాక్యం తీసేశాను. తప్పు ఎలా జరిగిందో ఒక పేరాలో రాశాను, ఆర్ రెండు వెర్షన్ల నంబర్లతో సహా. థీసిస్‌కి సవరణ జతచేయాలని గైడ్‌గారికి ఈ సాయంత్రం ఉత్తరం పంపాను. వాడిన వెర్షన్ల వివరాలిచ్చే సెషన్ ఇన్ఫో అవుట్‌పుట్, రెన్వ్ ఫైలు కోడ్‌తో పాటు పెట్టాను. సీఎస్‌వీ చదివేటప్పుడు ఆబ్సెంట్ అంటే ఎన్‌ఏ అని ఇప్పుడు నేనే స్పష్టంగా చెబుతున్నాను, వార్నింగ్ కూడా రావడం లేదు.

పాతటెర్మినల్ | గురువారం, రాత్రి 10:55

ఆ పేరా రాయడం చాలా మందికి చేతకాదు అన్వేషిత గారూ. మీ మీద గౌరవం పెరిగింది.

ఒక్క ప్రశ్న. పరీక్షకు రాని ఆ ఏడుగురూ ఏ వర్గం వాళ్లు? అందరూ ఒకే వైపు ఉంటే ఆ 3.4ని కూడా నమ్మలేం.

అన్వేషిత | గురువారం, రాత్రి 11:04

చూశానండి. మొదటి వర్గంలో ముగ్గురు, రెండోదాంట్లో నలుగురు. ఆ సంఖ్యలు కూడా పట్టిక కింద రాశాను.